బోర్డు మీది పేరు

నటుడొకడు భోజనశాల తెరచినాడని వినగానే లోకం పెదవి విరుస్తుంది. వేషాలు తగ్గినవి కాబోలు, ముఖానికి గిరాకీ పోయినది కాబోలు, అందుకే పొయ్యి రాజేసినాడు అనుకుంటుంది. కూటి కొరకు కోటి విద్యలు అనే సామెత ఇటువంటి చోట నాలుక చివరనే ఉంటుంది. ఆ మాట వెనుక ఒక లెక్క ఉన్నది: కళ పైమెట్టు, కూడు క్రిందిమెట్టు; పైనుంచి దిగినవానిని చూచి జాలిపడవలె, లేదా నవ్వవలె. అమెరికాలో దీనికి సరిగా ఎదురైన లెక్క చలామణిలో ఉన్నది. అక్కడ హోటలు పెట్టిన నటుని దక్షుడంటారు, ముందుచూపు గలవాడంటారు, స్వశక్తితో పైకి వచ్చినాడని మెచ్చుకుంటారు. ఈ రెండు లెక్కలలో దేనికీ ఒదగని మనిషి ఒకడున్నాడు. ఆయన పేరు ఫిలిప్ ఆన్.

1972లో మొదలై 1975 వరకు అమెరికన్ టెలివిజన్‌లో నడచిన “కుంగ్‌ఫూ” అనే ధారావాహికలో షావొలిన్ మఠాధిపతి మాస్టర్ కాన్‌గా ఆయనను కోట్లమంది చూచినారు. అంతకు పద్దెనిమిదేళ్ల ముందే, 1954లో, ఆయన తన చెల్లెలు సూరాతో కలిసి లాస్ ఏంజెలస్ నగరానికి చెందిన పనోరమా సిటీ అనే పేటలో ఒక భోజనశాల తెరచినాడు. దాని పేరు “ఫిల్ ఆన్స్ మూన్‌గేట్”. ఫిల్ ఆన్ గారి చంద్రద్వారం అన్నమాట. చీనా ఉద్యానవనాల గోడలలో నిండు చందమామవలె గుండ్రంగా కట్టే ద్వారానికి ఆ పేరు. పేరు అందమైనదే. కాని ఆ పేరులో ఒక చిక్కు ఉన్నది. ఫిలిప్ ఆన్ చీనావాడు కాడు, కొరియావాడు. ఆయన జీవితమంతా ఆ చిక్కు చుట్టూనే తిరిగినది.

1905 మార్చి 29న ఆయన లాస్ ఏంజెలస్‌లో పుట్టినాడు. తల్లిదండ్రులు అంతకు మూడేళ్ల క్రితం కొరియా నుంచి ఓడ దిగినవారు. కొరియన్ దంపతులకు అమెరికా గడ్డ మీద పుట్టిన తొలి బిడ్డ ఇతడేనని చెబుతారు. తండ్రి ఆన్ చాంగ్‌హో సామాన్యుడు కాడు. దోసాన్ అనే పేరుతో కొరియా స్వాతంత్ర్యోద్యమంలో అగ్రశ్రేణి నాయకుడు. 1910లో జపాను కొరియాను కబళించినది. 1913లో ఆయన సాన్ ఫ్రాన్సిస్కోలో హుంగ్‌సాదాన్ అనే సంస్థను నెలకొల్పి, పరదేశంలో ఉన్న యువకులను రేపటి కొరియాకు నాయకులుగా తీర్చదిద్ద బూనినాడు. దేశసేవకుని ఇంట్లో సంసారం ఎట్లా నడుస్తుందో తెలుగు పాఠకునికి వేరుగా చెప్పనక్కరలేదు. 1921, 1930 నాటి కుటుంబాలను ఎరిగిన ఇళ్ళు తెలుగునాట ఎన్నో ఉన్నవి. తండ్రి ఏళ్ల తరబడి ఓడలలో, సభలలో, చెరలలో ఉండేవాడు. 1926లో అమెరికా విడిచిన మనిషి మళ్ళీ ఆ ఇంటి గడప తొక్కలేదు. తల్లి అయిదుగురు బిడ్డలను పెంచినది. ఫిలిప్ అందరిలోకి పెద్దవాడు.

సినిమా ఆయనను ముందుగా వెదకినది గాని, ఆయన సినిమాను వెదకలేదు. హైస్కూలులో చదువుకొనే రోజులలో “థీఫ్ ఆఫ్ బాగ్దాద్” చిత్రం తయారవుతున్న స్థలానికి వెళ్ళగా, డగ్లస్ ఫెయిర్‌బాంక్స్ కంట పడినాడు. ఆ మహానటుడు వేషం ఇస్తానన్నాడు. ఇంటికి వచ్చి చెప్పగా తల్లి ససేమిరా అన్నది. సినిమావాళ్ల సహవాసం తన కొడుక్కు పనికిరాదని ఆమె నిశ్చయం. ఆ తల్లి మాట వింటే ఆనాటి తెలుగు ఇల్లాలు ఎవరైనా తలవూపి ఉండేది.

వేషం బదులు వరిచేను దక్కినది. ఉత్తర కాలిఫోర్నియాలోని కొలూసా ప్రాంతంలో హుంగ్‌సాదాన్ వారు వరి సాగు పెట్టినారు. పౌరసత్వానికి అనర్హులైన పరదేశులు భూమి కొనరాదని 1913 నాటి కాలిఫోర్నియా చట్టం. కొరియావారు, జపానువారు, చీనావారు అందరూ ఆ అనర్హుల పట్టీలోనివారే. అయితే ఫిలిప్ ఆ గడ్డ మీద పుట్టినవాడు, జన్మతః పౌరుడు. అందుచేత భూమిని అతని పేర వ్రాయించినారు. పొలం సమాజానిది, పేరు కుర్రవానిది. ఆ ఏడు వర్షాలు విపరీతమై పంట మునిగినది. పంట పోయినా అప్పు పోదు; అది పేరు గలవాని మెడకే చుట్టుకుంటుంది. ఆ ఋణం తీర్చటానికి, తల్లికి చేదోడుగా ఉండటానికి ఫిలిప్ లాస్ ఏంజెలస్‌లో ఒక భవనంలో లిఫ్టు నడిపేవాడుగా కుదిరినాడు. ఎదిగిన కొడుకు వయసంతా లిఫ్టు పెట్టెలో పైకి క్రిందికి తిరుగుతూ గడచినది. పెద్ద చదువుకు కాలు పెట్టినది 1934లో, ఇరవై తొమ్మిదవ ఏట, సదరన్ కాలిఫోర్నియా విశ్వవిద్యాలయంలో.

నటన పట్ల కొడుకు మనసు మళ్ళినదని తెలిసి తండ్రి వద్దనలేదు. నటుడవు కాదలచితే శ్రేష్ఠుడవైన నటుడవు కావలె, అందుకు తగ్గ చదువు చదువు అన్నాడట. దేశం కోసం చెరసాలకు పోయే తండ్రి, కొడుకు ముఖానికి రంగు పూసుకోవటాన్ని చిన్న పనిగా చూడకపోవటం గమనించవలసిన విషయం. విశ్వవిద్యాలయంలో ఫిలిప్ అంతర్జాతీయ విద్యార్థి సంఘానికి అధ్యక్షుడైనాడు; ఆ సంఘం పిలుపు మీద వచ్చిన అతిథులలో భారతీయ పాత్రికేయుడు చమన్ లాల్ ఒకడు. రెండేళ్లకే చదువు ఆగినది. అప్పటికే సినిమా పిలిచినది.

ఆ పిలుపు ఎట్టిదో “ఎనీథింగ్ గోస్” కథ చెబుతుంది. 1936లో వచ్చిన ఈ చిత్రానికి దర్శకుడు లూయిస్ మైల్‌స్టోన్. వేషం కోసం వచ్చిన ఫిలిప్‌ను ఆయన మొదట కాదన్నాడు. కారణం, ఈ మనిషి ఇంగ్లీషు మరీ బాగున్నదట. లాస్ ఏంజెలస్‌లో పుట్టి, అక్కడి బడులలో చదివి, ఇంగ్లీషులో పెరిగినవాడు ఇంగ్లీషు బాగా మాట్లాడక ఏమి చేయగలడు? తెర మీద ఆసియా ముఖానికి విరిగిన భాష తప్పనిసరి. తన భాషను తాను విరుచుకొన్నవానికే అన్నం. చివరకు ఆ వేషం ఆయనకే దక్కినది గాని, ఆ తొలి తిరస్కారంలోనే హాలీవుడ్ తన షరతులన్నీ చెప్పివేసినది.

షరతులు ఇంకా ఉన్నవి. 1934 నుంచి గట్టిగా అమలుకు వచ్చిన చిత్రనిర్మాణ నియమావళి తెల్లవారికి, తదితరులకు మధ్య ప్రేమను తెర మీద చూపనిచ్చేది కాదు. నాయకుడు తెల్లవాడైతే నాయిక తెల్లదే కావలె. కథ చీనాలో జరిగినా సరే, నాయికానాయకులను తెల్లవారిలోనే వెదికి, కండ్లకు రంగు దిద్ది చీనావారిని చేసేవారు. 1937లో వచ్చిన “గుడ్ ఎర్త్” చిత్రంలో చీనా రైతు దంపతులుగా పాల్ మ్యూనీ, లూయిసా రైనర్ నటించినారు. రైనర్‌కు ఆస్కారు కూడా వచ్చినది. అమెరికాలో పుట్టిన చీనా నటి ఆనా మే వాంగ్ ఆ పాత్రకు తగినదై ఉండీ దానికి నోచుకోలేదు.

అదే 1937లో ఒక చిన్న వింత జరిగినది. పారమౌంట్ వారు రాబర్ట్ ఫ్లోరీ దర్శకత్వంలో, తక్కువ ఖర్చుతో “డాటర్ ఆఫ్ షాంఘై” అనే చిత్రం తీసినారు. అందులో ఆనా మే వాంగ్ నాయిక, ఫిలిప్ ఆన్ నాయకుడు. ప్రభుత్వ గూఢచారి కిమ్ లీ పాత్ర ఆయనది. నిటారైన మనిషి, చక్కని ఇంగ్లీషు, నాయికను కాపాడే ధైర్యం, చివర పెండ్లి మాట. గంటసేపటి సినిమా అది. గొప్ప కళాఖండమని ఎవరూ అనలేరు. కాని ఆ గంటలో ఫిలిప్ ఎటువంటి నాయకుడు కాగలిగి ఉండేవాడో కనిపిస్తుంది. చిన్న చిత్రాన్ని ఎవరూ పట్టించుకోరు గనుక అంత స్వేచ్ఛ దొరికినది. తరువాత నలభై ఏళ్లలో ఆయనకు అటువంటి పాత్ర మళ్ళీ రాలేదు.

1938 మార్చి 10న ఆన్ చాంగ్‌హో సియోల్‌లో మరణించినాడు. జపానువారి చెరలో చిక్కి, శల్యావశిష్టుడై ఆసుపత్రికి చేరిన మనిషి తిరిగి లేవలేదు. పెద్దకొడుకు మహాసముద్రానికి ఆవలి ఒడ్డున ఉన్నాడు. మూడేళ్లు గడిచేసరికి అమెరికా జపానుతో యుద్ధంలోకి దిగినది. 1942 ఫిబ్రవరిలో అధ్యక్షుడు రూజ్‌వెల్ట్ ఇచ్చిన ఉత్తరువుతో పడమటి తీరాన ఉన్న జపాను సంతతివారిని, పసిపిల్లలతో సహా సుమారు 1,20,000 మందిని, శిబిరాలలో నిర్బంధించినారు. అట్లా జపాను నటులు లేకుండా పోయినారు. జపాను దుర్మార్గుల పాత్రలకు మాత్రం గిరాకీ పెరిగినది. అవి చీనా నటులకు, కొరియా నటులకు వచ్చినవి.

తండ్రిని పొట్టన బెట్టుకొన్న సైన్యపు దుస్తులు ధరించి కొడుకు తెర మీద నిలిచినాడు. “బాక్ టు బతాన్” వంటి చిత్రాలలో క్రూరుడైన జపాను అధికారి ఆయనే. 1940 నుంచి కొరియాలో ప్రజలు తమ పేర్లు మార్చుకొని జపాను పేర్లు పెట్టుకోవలెనని పాలకుల నిర్బంధం. ఆ పేర్లను కాదన్న వంశంలో పుట్టినవాడు ఇక్కడ కూలికి జపాను పేర్లు మోసినాడు. జనం ఆయనను నిజంగానే జపానువాడని నమ్మి చంపుతామని బెదిరించినారు. చివరకు ఆయన అమెరికన్ సైన్యంలో చేరి, సిపాయిలకు వినోదం కల్పించే విభాగంలో పనిచేసి, చీలమండ గాయంతో బయటికి వచ్చినాడు.

ఈ పాత్రల విషయంలో తరువాతి తరంవారు ఆయనను కొంత నిష్ఠురంగా విమర్శించినారు. ఆసియావారిని గూర్చిన హీనభావాలను ఆయన నటన బలపరచినదని వారి ఆక్షేపణ. ఆక్షేపణలో నిజం లేకపోలేదు. ఆ చిత్రాలలోని జపాను అధికారి మనిషి కాడు. పళ్ళు కొరికే బొమ్మ. నటుని గుండెలో ఎంత నిజమైన ద్వేషం ఉన్నా రచయిత దానిని అడగలేదు, అడిగినది బొమ్మను మాత్రమే. తండ్రి చావు తెలిసిన నటుని చేత ఎంత గొప్ప పాత్ర చేయించి ఉండవచ్చునో ఊహించగల రచయిత అక్కడ ఒక్కడూ లేకపోయినాడు. కాబట్టి నేరం ఏదైనా ఉంటే అది ముందు పాత్ర వ్రాసినవానిది, తరువాత డబ్బు పెట్టినవానిది, ఆ తరువాత చప్పట్లు కొట్టినవానిది. వేషం కట్టినవాని వంతు అన్నింటికన్న చివర. వేషం వద్దని ఇంట కూర్చున్నవానికి కూడు ఎవరు పెడతారు? విమర్శకులు ఈ ప్రశ్న వేసుకొని ఉంటే మూన్‌గేట్ దగ్గరకు త్వరగా చేరేవారు.

యుద్ధం ముగిసినాక పాత్రలు మరింత చిన్నవైనవి. వరుసగా వైద్యుడు, వర్తకుడు, సేవకుడు, ముసలి మామ. 1955లో “లవ్ ఈజ్ ఎ మెనీ స్ప్లెండర్డ్ థింగ్”లో ఆయన ఇంటి పెద్ద. 1957లో కొరియా యుద్ధ నేపథ్యంగా తీసిన “బాటిల్ హిమ్”లో వృద్ధుడు. ఎన్నో చిత్రాలలో ఆయన ముఖం కనిపిస్తుంది, పట్టికలో పేరు కనిపించదు. నాలుగు మాటలు పలికి పోయేవాని పేరు వేయటం ఆనాడు ఆచారం కాదు. ఇటువంటి రోజులలోనే, 1954లో, మూన్‌గేట్ తలుపు తెరచుకొన్నది.

పనోరమా సిటీ రెండవ ప్రపంచ యుద్ధం తరువాత సాన్ ఫెర్నాండో లోయలో వెలసిన క్రొత్త పేట. యుద్ధం నుంచి తిరిగి వచ్చిన సంసారులకు ఒకే మూసలో పోసినట్లు వరుసగా ఇళ్ళు కట్టినారు. దగ్గరలో 1947లో మొదలైన జనరల్ మోటార్స్ కార్ఖానా ఉన్నది. ఉన్న జనం ఇంచుమించు అంతా తెల్లవారే. లాస్ ఏంజెలస్‌లో ఎన్నో పేటల ఇళ్ళ పత్రాలలో ఇతర జాతులవారికి అమ్మరాదనే షరతు ఉండేది; అటువంటి షరతులను కోర్టులు అమలు జరపరాదని సుప్రీంకోర్టు చెప్పినది 1948లోనే. అట్టి చోటికి వెళ్ళి, వాన్ నైస్ బులవార్డు వంటి పెద్దబాట మీద తన పేరుతో బోర్డు కట్టించటం చిన్న సాహసం కాదు. ఆ పేటలో తొలి చీనా భోజనశాలలలో అది ఒకటి. పేటవారు రాను రాను ఆయనను గౌరవ మేయరుగా ఎన్నుకొని చాలాకాలం ఉంచుకొన్నారు. జీతం లేని పదవి, అధికారం లేని పదవి. అయినా పదేళ్ల క్రితం ఆయనను చంపుతామని వ్రాసిన దేశంలోనే ఆ గౌరవం దక్కినదని మరువరాదు.

అందరూ కలిసి నడిపిన సంస్థ అది. సూరా మొదటినుంచి ఉన్నది. మరొక చెల్లెలు సుసాన్ 1942లో నౌకాదళంలో చేరి, అక్కడ తుపాకుల శిక్షణ ఇచ్చే తొలి మహిళాధికారి అయిన వ్యక్తి. తరువాత ప్రభుత్వపు గూఢవార్తా శాఖలో పెద్ద ఉద్యోగం చేసినది. ఆమె కూడా ఉద్యోగం చాలించి వచ్చి మూన్‌గేట్‌లో చేయి కలిపినది. తండ్రి దేశం కోసం చెదరగొట్టుకొన్న సంసారాన్ని పిల్లలు ఒక వంటశాల చుట్టూ తిరిగి పోగుచేసుకొన్నారు. ఫిలిప్ పెండ్లి చేసుకోలేదు; ఈ ఇల్లే ఆయన ఇల్లు.

ఇంతకు కొరియా బిడ్డలు కొరియా వంట ఎందుకు పెట్టలేదు? చీనా వంట ఎందుకు వండినారు? జవాబు అమెరికా చట్టాలలో కొంత, నాలుకలో కొంత ఉన్నది. 1882 నుంచి చీనా కూలీలకు ఆ దేశంలో ప్రవేశం నిషిద్ధం. వర్తకులకు మాత్రం సడలింపు. 1915లో ఒక తీర్పు వలన భోజనశాల యజమాని కూడా వర్తకుడే అని తేలినది. అంతటితో చీనావారు ఊరూరా భోజనశాలలు తెరచినారు. హోటలు పెడితే దేశంలో నిలువవచ్చు, బంధువులను తెచ్చుకోవచ్చు. 1943లో నిషేధం రద్దయ్యే వేళకు అమెరికన్ నాలుక చీనా రుచికి, తనకు తగినట్లు మార్చిన చీనా రుచికి, బాగా మరగినది. కొరియా అనే దేశం పేరే ఆ జనం 1950లో యుద్ధం వచ్చినాక విన్నారు. కిమ్చీ జాడీ వాసన పనోరమా సిటీ సంసారికి 1954లో ఎట్లా తెలుస్తుంది? తెలియని దానికి గిరాకీ ఉండదు. కాబట్టి వేషం ఇక్కడ కూడా తప్పలేదు.

పరుల వంట పేరుతో అన్నం పెట్టటం తప్పని ఎవరూ అనరు. లండనులో ఇండియన్ రెస్టారెంటు అని బోర్డు కట్టిన చోట పొయ్యి ముందు నిలిచినవాడు తరచుగా బంగ్లాదేశ్‌లోని సిల్హెటువాడు. హైదరాబాదు వీధి చివర బండి మీద మంచూరియా వేయించేవాడు చీనా పటం కూడా చూచి ఉండడు, తినేవాడు అడగడు. ఆ బండివాడు తనను చీనావాడని ఎవరూ అనుకోవలెనని ఆశించడు గనుక అది కేవలం వ్యాపారం. ఫిలిప్ సంగతి వేరు. ఆయన ముఖం చూచి చీనావాడే అనుకొని లోపలికి వచ్చేవారు, తెర మీద చూచినవారు. స్టూడియోలో ఏ పొరపాటు మీద ఆయన బ్రతికినాడో, భోజనశాల కూడా ఆ పొరపాటు మీదనే నిలిచినది. స్వశక్తి కథలు చెప్పేవారు ఈ ముక్కను దాటవేస్తారు.

ఐనా ఒక తేడా ఉన్నది. తేడా చిన్నదిగా కనిపిస్తుంది గాని చిన్నది కాదు. కొలూసాలో భూమి ఆయన పేర ఉన్నది, ఆయనది కాదు. తెర మీద ముఖం ఆయనది, పేరు లేదు. వాన్ నైస్ బులవార్డు మీద పేరూ ఆయనదే, గల్లాపెట్టె ఆయనదే, తలుపు తాళం ఆయనదే. వంట పరాయిదైతే కావచ్చు. “ఫిల్ ఆన్” అనే పేరును తగ్గించే దర్శకుడు అక్కడ లేడు. యజమాని ఇంగ్లీషు మరీ బాగున్నదని ఏ అతిథీ లేచిపోడు.

ఈ దారి ఆయన ఒక్కడే త్రొక్కినది కాదు. చార్లీ చాన్ చిత్రాలలో ఆ డిటెక్టివుకు మూడవ కొడుకుగా నటించిన బెన్సన్ ఫాంగ్ 1946లోనే హాలీవుడ్‌లో “ఆ ఫాంగ్స్” తెరచినాడు. “కీస్ ఆఫ్ ది కింగ్‌డమ్” చిత్రంలో తోటి నటుడైన గ్రెగరీ పెక్ ఆ సలహా ఇచ్చినాడని ప్రతీతి. ఒకటి నాలుగైదుగా పెరిగినది. అదే చార్లీ చాన్‌కు మరొక కొడుకుగా నటించిన విక్టర్ సెన్ యుంగ్ టెలివిజన్‌లో “బొనాంజా”లో 1959 నుంచి 1973 వరకు పశువుల కామందు ఇంట వంటవాడు హాప్ సింగ్; 1974లో ఆయన వంట పుస్తకం వ్రాసినాడు. తెర వీరికి ఇచ్చిన ప్రధాన పాత్ర వంటవాడు, లేదా వడ్డించేవాడు. ముగ్గురు నటులకు ఒకేసారి వంట మీద మక్కువ పుట్టినదని నమ్మేవారు నమ్మవచ్చు. తలుపులు ఎక్కడ మూసి ఉన్నవో చూచి, తెరచి ఉన్న ఒక్క తలుపులోనుంచి పోయినారనటమే న్యాయం. గ్రెగరీ పెక్‌కు ఆ సలహా ఎవరూ ఇవ్వలేదు.

భోజనశాల వలన నటునికి మంచి పాత్రలు వచ్చినవా? రాలేదు. సినిమా ఇచ్చే వేషాలు మునుపటివే. టెలివిజన్ వచ్చినాక వేషాలు సంఖ్యలో పెరిగినవి. “బొనాంజా”, “హవాయీ ఫైవ్ ఓ” మొదలైన ధారావాహికలలో ఒకటి రెండు వారాల అతిథి పాత్రలు. వంటశాల ఆయన కళను ఉద్ధరించినదని వ్రాస్తే అబద్ధమవుతుంది. అది చేసినది మరొక పని. సాయంత్రానికి అద్దె కట్టగల నటుడు పిలుపు కోసం టెలిఫోను వద్ద ప్రాణాలు బిగబట్టుకొని కూర్చోడు. అరవై దాటిన శరీరాన్ని, కంఠాన్ని, నడకను చెడకుండా కాపాడుకొనే తీరిక అతనికి ఉంటుంది. ఎందరో చిన్న నటులు ఈ నిరీక్షణలోనే అరిగిపోతారు. తెలుగు నాటకరంగంలో అటువంటి వారి కథలు కొల్లలు. ఫిలిప్ అరిగిపోలేదు. అరవై ఏడవ ఏట మాస్టర్ కాన్ వచ్చేసరికి సిద్ధంగా ఉన్నాడు.

ఆ పాత్రను గూర్చి కొంచెం నిలిచి చెప్పవలె. “కుంగ్‌ఫూ” కథానాయకుడు కేన్ సగం చీనావాడు, సగం అమెరికన్. బ్రూస్ లీ పేరు ఆ పాత్రకు ఆలోచించి, విడిచి, డేవిడ్ కారడైన్ అనే తెల్ల నటునికి ఇచ్చినారు. 1937లో “గుడ్ ఎర్త్”కు జరిగినదే ముప్పై అయిదేళ్లకు మళ్ళీ జరిగినది. శిష్యుని పాత్ర తెల్లవానిది, గురువుల పాత్రలు కీ లూక్, ఫిలిప్ ఆన్‌లవి. ఐనా ఆ గురువు మాత్రం బొమ్మ కాడు. నున్నని తల, కదలని కన్ను, తొందరలేని మాట. అరచేతిలో గులకరాయి పెట్టి చాచుతాడు. శిష్యుడు దానిని ఎప్పుడు లాక్కోగలిగితే అప్పుడు మఠం విడిచి వెళ్ళవలె. చేయి ముడుచుకోవటంలోని ఆ మెరుపు, వెంటనే ముఖంలో ఏమీ జరగనట్టి శాంతి, ఈ రెండింటిని పక్కపక్కన నిలపటం నలభై ఏళ్ల సాధన లేనివానికి సాధ్యం కాదు. ఫిలిప్ ప్రెస్బిటేరియన్ క్రైస్తవుడు. మాస్టర్ కాన్ చెప్పే తావో సూక్తులకు తన మతానికి విరోధం లేదని ఆయన భావన. పళ్ళు కొరికే అధికారిలో ఎంత వెదకినా దొరకని తండ్రి పోలిక ఈ గురువులో దొరుకుతుంది. యువకులను తీర్చి, పరీక్షించి, వెళ్ళమని పంపే మనిషి. హుంగ్‌సాదాన్ స్థాపకుడు చేసిన పని అదే. ఇది ప్రేక్షకుని ఊహ అనేవారుంటే అననీయండి. నటుడు ఏమి తలచినాడో గాని, తెర మీద ఉన్నది అది.

1973లో సియోల్‌లో దోసాన్ పేరిట ఒక ఉద్యానవనం వెలసినది. తండ్రి అస్థికలను, లాస్ ఏంజెలస్‌లో కన్నుమూసిన తల్లి అస్థికలను తెచ్చి అక్కడ ఒక్కచోట సమాధి చేసినారు. 1926లో విడిపోయిన దంపతులు ఆ విధంగా కలిసినారు. ఆ ఏడాది పెద్దకొడుకు ప్రతివారం అమెరికన్ ఇండ్లలో మఠాధిపతిగా కనిపిస్తున్నాడు.

ఆయన 1978 ఫిబ్రవరి 28న మరణించినాడు. ఊపిరితిత్తుల కాన్సరుకు శస్త్రచికిత్స జరిగిన తరువాత కోలుకోలేదు. 1984 నవంబరులో హాలీవుడ్ బులవార్డు కాలిబాట మీద ఆయన పేరుతో నక్షత్రం పొదిగినారు. కొరియన్ అమెరికన్ నటులలో ఆ గౌరవం మొదట దక్కినది ఆయనకే. 2006లో “డాటర్ ఆఫ్ షాంఘై”ని అమెరికా జాతీయ చలనచిత్ర భాండాగారంలో భద్రపరచదగిన చిత్రాల జాబితాలో చేర్చినారు. ఆనాడు ఎవరూ పట్టించుకోని గంటసేపటి సినిమా అది.

మూన్‌గేట్ ఆయన వెంట పోలేదు. పేటలోని తెల్ల సంసారులు చాలమంది వెళ్ళిపోయి క్రొత్త వలసజనం వచ్చి చేరినా, మోటారు కార్ఖానా మూతబడే రోజులు దగ్గరపడినా, మరో పన్నెండేళ్లు ఇంటివారు పొయ్యి ఆరనివ్వలేదు. 1990లో తలుపులు మూసినారు.